ఎన్ని రకాలున్నాయి? ఇది ఏ రకం? వర్గీకరణ అనే మాట వెనుక రెండు ప్రశ్నలు

గణిత పరిశోధన పత్రాలను విషయాలవారీగా సర్దడానికి ప్రపంచమంతా వాడే సంకేతాల పట్టిక ఒకటుంది. దాని పేరు మ్యాథమెటిక్స్ సబ్జెక్ట్ క్లాసిఫికేషన్. 2020 నాటి కూర్పులో 63 ప్రధాన విభాగాలున్నాయి. అందులో 20డి05 అనే సంకేతం దగ్గర 'పరిమిత సరళ సమూహాలు, వాటి వర్గీకరణ' అని ఉంటుంది. 62హెచ్30 దగ్గరా వర్గీకరణే కనిపిస్తుంది. కాకపోతే దాని పక్కన విచక్షణ, క్లస్టర్ విశ్లేషణ అనే మాటలుంటాయి. మొదటి గదిలో బీజగణితజ్ఞులు కూర్చుంటారు, రెండో గదిలో గణాంకవేత్తలు. ఇద్దరూ తాము చేసేది వర్గీకరణే అంటారు. ఒకరి పని మరొకరికి చూపిస్తే, దీన్ని వర్గీకరణ అని ఎలా అంటున్నారని ఇద్దరూ అడగవచ్చు. ఇక ఆ ఇద్దరినీ వేర్వేరు గదుల్లో కూర్చోబెట్టిన పట్టిక కూడా ఒక వర్గీకరణే. అది మూడో అర్థం.

కృత్రిమ మేధ గురించి వచ్చే వార్తల్లో 'క్లాసిఫయర్' అనే మాట తరచూ దొర్లుతోంది. ఈ ఈమెయిల్ చెత్తా కాదా, ఈ ఎక్స్‌రేలో కణితి ఉందా లేదా, ఈ అప్పు తిరిగి వస్తుందా రాదా అని తేల్చే ప్రోగ్రాములన్నిటికీ అదే పేరు. బడిలో 'దత్తాంశ వర్గీకరణ' చదివినవారికి, కాలేజీలో 'సమూహాల వర్గీకరణ' విన్నవారికి ఇవన్నీ ఒకటేనేమో అనిపించడం సహజం.

తేడా ముందే చెప్పేస్తే దారి సులువు. "మొత్తం ఎన్ని రకాలున్నాయి?" అని గణితజ్ఞుడు అడుగుతాడు. "రకాలు సరే, నా చేతిలో ఉన్నది వాటిలో ఏది?" అని గణాంకవేత్త అడుగుతాడు. మొదటి ప్రశ్నకు జవాబు ఒక నిరూపణ. రెండోదానికి జవాబు ఒక నియమం, దానితోపాటు ఆ నియమం ఎంత తరచుగా తప్పుతుందన్న అంచనా.

'రెండూ ఒకటే' అనాలంటే

రకాలు లెక్కపెట్టే ముందు, ఏ రెండింటిని ఒకే రకం అనాలో తేల్చుకోవాలి. త్రిభుజాలనే తీసుకుందాం. ఒకదానిపై ఒకటి పెడితే సరిగ్గా కప్పుకునేవే ఒకటి అనుకుంటే, అంటే సర్వసమానత్వాన్ని పాటిస్తే, మూడు భుజాల పొడవులు చెబితే చాలు, త్రిభుజం ఏదో తేలిపోతుంది. చిన్నదైనా పెద్దదైనా ఆకారం ఒక్కటైతే చాలనుకుంటే, అంటే సరూపత్వాన్ని పాటిస్తే, కోణాలు చాలు. మొదటి పద్ధతిలో సమబాహు త్రిభుజాలు అనంతమైన రకాలు; రెండో పద్ధతిలో అన్నీ కలిపి ఒకటే రకం. త్రిభుజాలు మారలేదు, 'ఒకటే' అన్న మాటకు మనమిచ్చిన అర్థం మారింది.

ఆ అర్థం ఏదైనా మూడు షరతులకు లోబడితేనే గణితం ఒప్పుకుంటుంది. ప్రతి వస్తువూ తనతో తాను ఒకటే కావాలి. మొదటిది రెండోదానితో ఒకటైతే, రెండోది మొదటిదానితో ఒకటి కావాలి. మొదటిది రెండోదానితో, రెండోది మూడోదానితో ఒకటైతే, మొదటిది మూడోదానితో ఒకటి కావాలి. పాఠ్యపుస్తకాల్లో వీటిని పరావర్తన, సౌష్ఠవ, సంక్రమణ ధర్మాలంటారు. మూడూ ఉంటే అది తుల్య సంబంధం. ఈ మూడూ నెరవేరితే వస్తువులన్నీ ఒకదానిలో ఒకటి చొరబడని పెట్టెలుగా విడిపోతాయి. ఏదీ రెండు పెట్టెల్లో ఉండదు, ఏదీ బయట మిగలదు. పూర్ణాంకాలను 5తో భాగిస్తే వచ్చే శేషాన్ని బట్టి విడదీస్తే సరిగ్గా ఐదు పెట్టెలొస్తాయి: 7, 12, 22, చివరికి −3 కూడా శేషం 2 ఉన్న పెట్టెలో పడతాయి.

మొదటి రెండు షరతులు పెద్దగా ఇబ్బంది పెట్టవు. చిక్కంతా మూడోదానితోనే. ఒక మిల్లీమీటరు కంటే తక్కువ తేడా ఉన్న పొడవులను 'ఒకటే' అందామనుకుందాం. 10 మి.మీ., 10.8 మి.మీ. ఒకటే. 10.8, 11.6 కూడా ఒకటే. కానీ 10, 11.6 మధ్య తేడా 1.6, అంటే అవి ఒకటి కావు. పెట్టెలు కుదరలేదు. 'దగ్గరగా ఉండటం' అనేది 'ఒకటి కావడం' కాదు. కొలతలతో పనిచేసే ప్రతివారికీ ఉన్నది దగ్గరితనం మాత్రమే. ఈ చిన్న లెక్క మున్ముందు మళ్లీ ఎదురవుతుంది.

జాబితా పూర్తయిందని ఎలా తెలుస్తుంది

గణితంలో వర్గీకరణకు అందరూ చూపించే తొలి నమూనా క్రమ బహుఫలకాలది. అన్ని ముఖాలూ ఒకే క్రమ బహుభుజిగా, ప్రతి శీర్షం దగ్గరా ఒకే సంఖ్యలో ముఖాలు కలిసేలా ఉండే కుంభాకార ఘనరూపాలివి. ఇవి ఐదే. యూక్లిడ్ 'ఎలిమెంట్స్' పదమూడో భాగం చివర ఇదే విషయం ఉంటుంది.

నిరూపణ ఒక పేరాలో ఇమిడిపోతుంది. మూల తయారవ్వాలంటే ఒక శీర్షం దగ్గర కనీసం మూడు ముఖాలు కలవాలి, వాటి కోణాల మొత్తం 360 డిగ్రీల కంటే తక్కువ ఉండాలి. 360 వస్తే బల్లపరుపుగా పరుచుకుపోతుంది. సమబాహు త్రిభుజం కోణం 60, కాబట్టి మూడు, నాలుగు, ఐదు త్రిభుజాలు కలవవచ్చు. ఆరు కలిస్తే 360. చతురస్రాలు మూడు కలిస్తే 270, నాలుగు కలిస్తే 360. క్రమ పంచభుజి కోణం 108, మూడింటికి 324. షడ్భుజులు మూడు కలిస్తేనే 360. ఆ పైన దారి మూసుకుపోయింది. మూడు, ఒకటి, ఒకటి: మొత్తం ఐదు అవకాశాలు. ఐదూ నిజంగానే ఉన్నాయి: చతుర్ముఖి, అష్టముఖి, వింశతిముఖి, ఘనం, ద్వాదశముఖి.

ఇక్కడ జరిగిన పనులు రెండు. 'ఇంతకు మించి ఉండవు' అని చూపడం ఒకటి, 'ఇవన్నీ ఉన్నాయి' అని చూపడం మరొకటి. రెండోది తేలిక, తయారుచేసి చూపిస్తే సరిపోతుంది. మొదటిదే ప్రాణం తీస్తుంది. అందుకు పంచభుజుల కథ సాక్ష్యం.

ఒకే ఆకారపు పలకలతో, సందులేకుండా, ఒకదానిపై ఒకటి ఎక్కకుండా నేలంతా పరచాలి. త్రిభుజం ఏదైనా సరే, చతుర్భుజం ఏదైనా సరే పరచవచ్చు. కుంభాకార పంచభుజుల్లో మాత్రం కొన్నే కుదురుతాయి. 1918లో రైన్‌హార్ట్ ఐదు రకాలు చూపాడు. 1968లో కెర్ష్‌నర్ మరో మూడు చేర్చి, ఎనిమిదితో జాబితా పూర్తయిందన్నాడు. 1975లో రిచర్డ్ జేమ్స్ తొమ్మిదోది పట్టుకున్నాడు. ఆ వార్తను ఒక పత్రిక శీర్షికలో చదివిన మార్జరీ రైస్ అనే గృహిణి, గణితంలో పై చదువులేమీ లేకుండానే, సొంత గుర్తులు కల్పించుకుని మరో నాలుగు రకాలు కనిపెట్టారు. 1985లో రోల్ఫ్ స్టైన్ పద్నాలుగోది, 2015లో ముగ్గురు పరిశోధకులు కంప్యూటర్ సాయంతో పదిహేనోది బయటపెట్టారు. 2017లో మైకేల్ రావో, ఇక పదిహేనే అని కంప్యూటర్ ఆధారిత నిరూపణ ప్రకటించాడు. కెర్ష్‌నర్ జాబితాలో తప్పు రకం ఒక్కటీ లేదు. తప్పల్లా 'ఇంతే' అన్న మాటలోనే ఉంది.

వేలిముద్ర చాలనప్పుడు

రెండు వస్తువులు వేర్వేరు రకాలని చూపడానికి గణితజ్ఞులు వస్తువును ఎంత సాగదీసినా, వంచినా మారని లక్షణం కోసం వెతుకుతారు. వేలిముద్ర లాంటిదన్నమాట. ఘనానికి శీర్షాలు 8, అంచులు 12, ముఖాలు 6. శీర్షాల నుంచి అంచులు తీసేసి ముఖాలు కలిపితే 2. చతుర్ముఖికి 4, 6, 4; అక్కడా 2. గోళం మీద ఎలాంటి వల గీసినా ఈ సంఖ్య రెండే. గాలి నింపిన ట్యూబు ఆకారం, అంటే టోరస్ మీద గీస్తే సున్నా. కాబట్టి గోళాన్ని ఎంత సాగదీసినా టోరస్ కాదు. దీన్ని ఆయిలర్ సంఖ్య అంటారు.

సంఖ్యలు వేరైతే వస్తువులు వేరు. సంఖ్యలు ఒకటైతే? ఏమీ తేలలేదనే అర్థం. లోపలా బయటా తేడా లేని క్లైన్ సీసా అనే వింత తలానికి కూడా ఆయిలర్ సంఖ్య సున్నాయే, అయినా అది టోరస్ కాదు. ఇంకో పరీక్ష కావాలి: ఆ తలం మీద ఎడమ, కుడి అనే తేడా అంతటా నిలుస్తుందా? టోరస్ మీద నిలుస్తుంది. క్లైన్ సీసా మీద ఒక చుట్టు తిరిగొచ్చేసరికి ఎడమ కుడిగా మారిపోవచ్చు. అంచులు లేని, ముక్కలు కాని, పరిమితమైన తలాలన్నిటినీ గుర్తించడానికి ఈ రెండు వేలిముద్రలూ చాలు. డేన్, హీగార్డ్ 1907లో దీన్ని నిరూపించారు. ఇంత శుభ్రమైన ఫలితం గణితంలో అరుదు.

నాలుగు పరిమాణాల్లోకి వెళితే పరిస్థితి తారుమారవుతుంది. అలాంటి ఏ రెండు రూపాలిచ్చినా అవి ఒకటో కాదో తేల్చే సాధారణ పద్ధతి ఉండటం అసాధ్యమని 1958లో మార్కోవ్ చూపాడు. మనం ఇంకా కనిపెట్టలేదని కాదు దాని అర్థం, ఎప్పటికీ కనిపెట్టలేమని. కొన్నిచోట్ల వర్గీకరణ కుదరదన్నదే సిద్ధాంతం.

వేల పుటల నిరూపణ, దానిపై సందేహాలు

20డి05 గదిలోకి వద్దాం. చతురస్రాన్ని తిప్పి గానీ బోర్లించి గానీ మునుపటిలాగే కనిపించేలా పెట్టే మార్గాలు ఎనిమిది. ఒకదాని తర్వాత ఒకటి చేస్తే మళ్లీ ఆ ఎనిమిదిలోనే ఒకటి వస్తుంది. ఇలాంటి అమరికను సమూహం అంటారు. పూర్ణాంకాలు ప్రధాన సంఖ్యలుగా విడిపోయినట్టే, పరిమిత సమూహాలు ఇక విడదీయలేని 'సరళ సమూహాలు'గా విడిపోతాయి. మరి ఆ సరళ సమూహాలు ఏవేవి?

జవాబు: 18 అనంత కుటుంబాలు, ఏ కుటుంబంలోనూ ఇమడని 26 ఒంటరి సమూహాలు. ఒంటరివాటిలో పెద్దదాని పేరు మాన్‌స్టర్, రాక్షసి. అందులో ఎన్ని మూలకాలున్నాయో చెప్పే సంఖ్యలో 54 అంకెలుంటాయి. 'ఇంతే, ఇంకేమీ లేవు' అన్న మాటను నిలబెట్టడానికి సుమారు వందమంది రాసిన వందలాది పత్రాలు, పదివేలకు పైగా పుటలు అవసరమయ్యాయి. 1963లో ఫైట్, థాంప్సన్ రాసిన ఒక్క పత్రమే 255 పుటలు. 1983లో గోరెన్‌స్టైన్ పని పూర్తయిందని ప్రకటించాడు. ఆ తర్వాత ఒక భాగంలో ఖాళీ ఉందని తేలింది. దాన్ని పూడ్చిన ఆష్‌బాకర్, స్మిత్‌ల పని 2004లో వచ్చింది, అదీ వెయ్యికి పైగా పుటలు.

ఇది నిరూపణేనా? పట్టు ఉన్నవారు చాలామంది అవునంటారు: చిన్న లోపాలున్నా సరిదిద్దవచ్చు, ఇన్నేళ్లలో ఇరవయ్యేడో ఒంటరి సమూహం ఎవరికీ కనబడలేదు. వెనకాడేవారి వాదనలోనూ బలముంది: ఒక మనిషి మొదటి నుంచి చివరిదాకా చదివి సరిచూడలేనిదాన్ని, చదివిన తరం వెళ్లిపోతుండగా, ఎలా నమ్మాలి? ఈ సందేహాన్ని పట్టించుకునే, మొత్తాన్ని ఒక్కచోట మళ్లీ రాసే పని సంపుటాలుగా సాగుతోంది. 'ఎవరికీ కనబడలేదు' అన్నది మాత్రం గణితంలో నిరూపణ కాదు. పంచభుజులను తలచుకుంటే ఎందుకో తెలుస్తుంది.

ఒక అపోహ కూడా తొలగాలి. సరళ సమూహాలన్నీ తెలిసినంత మాత్రాన సమూహాలన్నీ తెలిసినట్టు కాదు. 1,024 మూలకాలున్న ఏ సమూహమైనా విడదీస్తే, రెండు మూలకాలున్న అతి చిన్న సరళ సమూహం పదిసార్లు వస్తుంది, అంతే. ఆ ఒక్క ఇటుకను పదిసార్లు వాడి కట్టగల వేర్వేరు సమూహాలు 4,900 కోట్లకు పైగా ఉన్నాయి.

పువ్వు చేతిలో ఉంది, పేరు చెప్పాలి

ఇప్పుడు రెండో గది. ఇక్కడ రకాలు ఎన్నో ముందే తెలుసు. 1936లో గణాంకవేత్త రోనాల్డ్ ఫిషర్ ఒక పత్రంలో 150 ఐరిస్ పువ్వుల కొలతలు వాడాడు. కొలిచినవాడు వృక్షశాస్త్రజ్ఞుడు ఎడ్గార్ ఆండర్సన్. మూడు జాతులు: సెటోసా, వెర్సికలర్, వర్జినికా. జాతికి 50 పువ్వులు, పువ్వుకు నాలుగు కొలతలు: రక్షక పత్రం పొడవు, వెడల్పు, ఆకర్షక పత్రం పొడవు, వెడల్పు. కొత్త పువ్వు వస్తే కొలతలు చూసి జాతి చెప్పగలమా అన్నది ప్రశ్న.

ఆకర్షక పత్రం పొడవు ఒక్కటే చూద్దాం. సెటోసాలో అది 1.0 నుంచి 1.9 సెం.మీ. వెర్సికలర్‌లో 3.0 నుంచి 5.1. వర్జినికాలో 4.5 నుంచి 6.9. సెటోసాకు 2.5 దగ్గర గీత గీస్తే పని అయిపోయింది, ఒక్క తప్పూ రాదు. మిగిలిన రెండిటికీ 4.5 నుంచి 5.1 దాకా పొత్తు భూమి ఉంది. 4.75 దగ్గర గీత గీసి, దాటినవన్నీ వర్జినికా అంటే వంద పువ్వుల్లో ఏడు తప్పుతాయి: ఆరు వెర్సికలర్ పువ్వులు వర్జినికా అనిపించుకుంటాయి, ఒక వర్జినికా వెర్సికలర్ అనిపించుకుంటుంది. వెర్సికలర్‌కు అన్యాయం జరిగిందని గీతను 5.15కు జరిపితే దానిలో తప్పులు సున్నా. కానీ 16 వర్జినికా పువ్వులు తప్పు వైపు పడతాయి. గీత ఎటు జరిపినా ఎవరో ఒకరు నష్టపోతారు.

మిల్లీమీటర్ల లెక్కలో చూసిన చిక్కు ఇదే. ప్రకృతిలో జాతులు రెండు పెట్టెలుగా ఉన్నా, మన చేతిలోని కొలతలు దగ్గరితనాన్నే చెబుతాయి. గణితజ్ఞుడి పెట్టెల మధ్య ఖాళీ ఉంటుంది. గణాంకవేత్త పెట్టెల మధ్య గోడ ఆయన కట్టుకున్నదే.

ఫిషర్ చేసిన మేలు ఏమిటంటే, నాలుగు కొలతలకూ తగిన బరువులిచ్చి ఒకే అంకెగా కలిపి, రెండు జాతులు వీలైనంత దూరంగా జరిగే బరువులు ఏవో లెక్కకట్టడం. అదే 1936లో మహలనోబిస్, కొలతలు ఒకదానితో ఒకటి ముడిపడి ఉన్నప్పుడు దూరాన్ని ఎలా కొలవాలో చెప్పాడు. 1948లో సి.ఆర్. రావు ఈ పద్ధతిని రెండు కంటే ఎక్కువ వర్గాలకు విస్తరించాడు. ఈ విద్యలో చాలాభాగం మనుషుల పుర్రెలు, ముక్కులు, ఎత్తులు కొలిచే పనుల మధ్య పుట్టింది. ఫిషర్ పత్రం అచ్చయిన పత్రిక పేరులోనే 'యూజెనిక్స్' అని ఉంది, అంటే మనుషుల్లో 'మేలు జాతి'ని ఎంచి పెంచాలనే వాదం. పువ్వులను మాత్రమే తలచుకుని ఆ సంగతి మరచిపోవడం చరిత్రకు న్యాయం కాదు.

నియమాన్ని ఏ దత్తాంశంతో తయారుచేశారో దానిమీదే పరీక్షించి మురిసిపోవడం ఈ గదిలో పాత జబ్బు. 'కొత్త పువ్వుకు అత్యంత దగ్గరి కొలతలున్న పాత పువ్వు ఏ జాతిదో, ఇదీ అదే' అనే సమీప నియమాన్ని తీసుకుంటే, పాత పువ్వులమీద అది ఎప్పుడూ తప్పదు. ప్రతి పువ్వుకూ తానే దగ్గర కదా! ప్రశ్నపత్రాన్ని ముందే చూసిన విద్యార్థి మార్కుల్లాంటివి అవి. అందుకే కొంత దత్తాంశాన్ని దాచిపెట్టి, దానిమీదే నియమాన్ని తూచుతారు. అయినా ఆ సమీప నియమం తీసిపారేయదగినది కాదు. దత్తాంశం అపారంగా పెరిగితే దాని తప్పుల రేటు, సాధ్యమైన అతి తక్కువ రేటుకు రెట్టింపు మించదని కవర్, హార్ట్ 1967లో నిరూపించారు. ఆ 'సాధ్యమైన అతి తక్కువ' చాలాచోట్ల సున్నా కాదు. పొత్తు భూమిలో ఏ మేధావీ తప్పు లేకుండా పేరు చెప్పలేడు.

95 శాతం సరైన పరీక్ష 99 శాతం ముందు ఓడిపోతే

10,000 మందిలో 100 మందికి ఒక జబ్బు ఉందనుకుందాం. పరీక్ష జబ్బు ఉన్నవారిలో 90 శాతం మందిని పట్టుకుంటుంది, లేనివారిలో 95 శాతం మందికి లేదనే చెబుతుంది. వినడానికి బాగుంది. లెక్క వేస్తే: జబ్బు ఉన్న 100 మందిలో 90 మంది దొరికారు, 10 మంది జారిపోయారు. జబ్బు లేని 9,900 మందిలో 495 మందికి ఉందని తప్పుగా వచ్చింది. 'ఉంది' అని వచ్చిన 585 మందిలో నిజంగా జబ్బున్నవారు 90 మంది, అంటే సుమారు 15 శాతం.

ఇప్పుడు పరీక్షే చేయకుండా అందరికీ 'జబ్బు లేదు' అనే సోమరి నియమాన్ని చూడండి. అది 10,000లో 9,900 సార్లు సరైనది: 99 శాతం. మన పరీక్ష సరైన జవాబులు 9,495, అంటే 95 శాతం కంటే ఒక వెంట్రుకవాసి తక్కువ. ఒక్క రోగినీ పట్టుకోని నియమం, 90 మందిని పట్టుకున్న పరీక్షను మార్కుల్లో ఓడించింది. కాబట్టి వార్తల్లో 'ఇన్ని శాతం కచ్చితత్వం' అన్న అంకె ఒంటరిగా కనిపిస్తే దానికి అర్థం దాదాపు లేనట్టే. రకాలు ఎంతెంత నిష్పత్తిలో ఉన్నాయి, తప్పులు ఏ వైపు పడుతున్నాయి అన్నవి పక్కన ఉంటేనే అది సమాచారం.

గీత గీసేది ఎవరు

ఇక్కడ గణాంకవేత్తల్లోనే రెండు పక్షాలున్నాయి. ఒక పక్షం ప్రకారం వారి పని సంభావ్యత చెప్పడంతో ముగుస్తుంది: 'ఈ వ్యక్తికి జబ్బు ఉండే అవకాశం 15 శాతం'. 15 శాతానికి ఏం చేయాలన్నది వైద్యుడూ రోగీ తేల్చుకోవాలి, ఎందుకంటే జారిపోయిన జబ్బు ఖరీదు, అనవసరమైన చికిత్స ఖరీదు వారికే తెలుసు. అవును, కాదు అని చెప్పేస్తే ఆ ఖరీదులను ఎవరో గుట్టుగా నిర్ణయించినట్టవుతుంది. రెండో పక్షం జవాబు: క్షణానికి లక్షల ఈమెయిళ్లు వస్తుంటే ప్రతిదానికీ సంభావ్యత చూసి ఆలోచించే మనిషి ఎక్కడ? నిర్ణయం యంత్రమే తీసుకోవాలి కాబట్టి దాన్నే నేరుగా మెరుగుపరచాలి. పైగా సంభావ్యతను సరిగ్గా అంచనా వేయడం, సరైన వైపు చెప్పడం కంటే కష్టమైన పని. నాకు మొదటి పక్షం వాదన బలంగా కనిపిస్తుంది, అయితే మనిషికి సమయమున్న చోట్ల మాత్రమే.

గీత మనుషుల భవిష్యత్తు మీద పడితే వివాదం ముదురుతుంది. 2016లో అమెరికాలో, నిందితులు మళ్లీ నేరం చేస్తారా అని అంచనా వేసే కాంపస్ అనే సాధనం నల్లజాతివారిపట్ల పక్షపాతంగా ఉందని ప్రోపబ్లికా వార్తాసంస్థ రాసింది: మళ్లీ నేరం చేయనివారిలో 'ప్రమాదం ఎక్కువ' అన్న ముద్ర నల్లవారిమీద ఎక్కువగా పడుతోంది. తయారీసంస్థ జవాబు: మా ముద్ర పడినవారిలో నిజంగా మళ్లీ నేరం చేసినవారి శాతం రెండు జాతుల్లోనూ దాదాపు ఒకటే, కాబట్టి పక్షపాతం లేదు. ఇద్దరిలో అబద్ధమాడింది ఎవరు? లెక్క వేస్తే, ఎవరూ ఆడలేదని తేలుతుంది.

వందమంది చొప్పున రెండు వర్గాలనుకుందాం. మొదటి వర్గంలో 50 మంది, రెండో వర్గంలో 20 మంది నిజంగా ఆ పని చేస్తారు. సాధనం రెండు వర్గాల్లోనూ చేసేవారిలో 80 శాతాన్ని పట్టుకుంటుంది. ముద్ర పడినవారిలో 80 శాతం నిజంగా చేసేవారే. మొదటి వర్గంలో 50 మందికి ముద్ర: 40 నిజం, 10 తప్పు. రెండో వర్గంలో 20 మందికి ముద్ర: 16 నిజం, 4 తప్పు. ఇంతవరకూ సమానత్వం చక్కగా ఉంది. ఇప్పుడు అమాయకుల వైపు నుంచి చూడాలి. మొదటి వర్గంలో అమాయకులు 50, వారిలో 10 మందిపై ముద్ర: 20 శాతం. రెండో వర్గంలో అమాయకులు 80, ముద్ర 4 మందిపై: 5 శాతం. సాధనం తప్పు చేయకుండా ఉండలేని పరిస్థితుల్లో, రెండు వర్గాల్లో అసలు రేట్లు వేరైతే, ఈ సమానత్వాలన్నీ ఒకేసారి కుదరవని 2016, 2017లలో వేర్వేరు పరిశోధకులు నిరూపించారు. ఏ సమానత్వాన్ని వదులుకోవాలన్నది గణితం చెప్పదు. ఆ రేట్లనే ఏ అరెస్టుల రికార్డుల నుంచి తీశారు, ఆ రికార్డులు ఎంత నమ్మదగినవి అన్న ప్రశ్న అలాగే మిగులుతుంది.

రకాలే ముందు లేనప్పుడు

పువ్వులకు పేర్లు ముందే ఉన్నాయి. పేర్లు లేకుండా కొలతలు మాత్రమే ఇచ్చి, వీటిలో గుంపులేవో చెప్పమంటే అది క్లస్టరింగ్. దాన్నీ కొందరు వర్గీకరణే అంటారు, గందరగోళంలో సగం అక్కడే. తేడా ముఖ్యమైనది: వర్గీకరణ నియమం తప్పిందో లేదో సరిచూడటానికి నిజమైన పేరు ఉంటుంది, క్లస్టరింగ్‌లో ఉండదు. మూడు గుంపులు కావాలంటే, గుంపులే లేని దత్తాంశం నుంచి కూడా మూడు గుంపులు చేతికొస్తాయి. అవి ఉన్నవా, మనం కోసినవా అన్నది వేరే విచారణ.

బడిలో నేర్పే తరగతి అంతరాలూ అలాంటి కోతే. ఎన్ని తరగతులు ఉండాలో 1926లో స్టర్జెస్ ఒక లెక్క సూచించాడు: 64 పరిశీలనలుంటే 7 తరగతులు, రెట్టింపైతే ఇంకొకటి. అది సౌకర్యం, సత్యం కాదు. ప్రభుత్వాలు, సంస్థలు వాడే ప్రామాణిక జాబితాలు కూడా ఈ కోవలోవే. మరణ కారణాల అంతర్జాతీయ జాబితా మూలాలు 1893లో ఉన్నాయి. దాని పదకొండో కూర్పు 2022 జనవరి నుంచి అమల్లోకి వచ్చింది. కూర్పు మారినప్పుడు, ఎవరి ఆరోగ్యమూ మారకపోయినా ఒక కారణం కింద మరణాలు పెరిగి, మరో కారణం కింద తగ్గినట్టు కనిపించవచ్చు. మరణాలు ఒక గడి నుంచి మరో గడికి మారాయి, అంతే. ఇలాంటి జాబితాల్లో గడులు ఒకదానిలో ఒకటి చొరబడకుండా ఉండాలని, ఏదీ బయట మిగలకూడదని కోరుకుంటారు. ఆ రెండో షరతును చాలాసార్లు నిలబెట్టేది 'ఇతరములు' అనే గడి.

రెండు గదుల మధ్య తలుపు

రెండు గదులూ కలిసిన సందర్భం ఒకటి 2021లో వచ్చింది. ముడులను వర్గీకరించడం గణితంలో పాత సమస్య. ఒక ముడిని తెంచకుండా మరో ముడిగా మార్చగలమా అని తేల్చడానికి రకరకాల వేలిముద్రలున్నాయి. కొన్ని బీజగణితం నుంచి వచ్చినవి, కొన్ని జ్యామితి నుంచి వచ్చినవి. రెండిటికీ సంబంధం ఉందని ఎవరికీ తెలియదు. కృత్రిమ మేధ సంస్థ డీప్‌మైండ్ పరిశోధకులు, ముడుల నిపుణులు లాకెన్‌బీ, యుహాస్ కలిసి, జ్యామితి కొలతలిచ్చి 'సిగ్నేచర్' అనే బీజగణిత సంఖ్యను ఊహించమని ఒక యంత్రానికి నేర్పారు. ఊహలు యాదృచ్ఛికం కంటే ఎంతో మెరుగ్గా వచ్చాయి. అంటే రెండిటి మధ్యా ఏదో సంబంధం ఉంది. ఏ కొలతల మీద యంత్రం ఆధారపడుతోందో చూసి గణితజ్ఞులు ఒక సూత్రాన్ని ప్రతిపాదించారు. అది పెద్ద పెద్ద ముడుల పట్టికలమీద నిలబడింది. ఆ తర్వాత వారే కూర్చుని, దాన్ని తప్పించే ముడులను ప్రత్యేకంగా అల్లి చూపించారు. సూత్రంలో మరో కొలతను చేర్చి సవరించాక, అప్పుడు నిరూపించారు.